అమెరికా అధ్యక్షుల పొలాలు, పశువులు, పద్దులు

అమెరికాలో ఎన్నికలు దగ్గరపడితే నాయకుల ఫొటోల్లో కౌబాయ్ టోపీ, తోలు బూట్లు, వెనకాల కర్రల కంచె తప్పకుండా కనిపిస్తాయి. మట్టిలో పనిచేసినవాడు మనవాడన్న నమ్మకం అక్కడి ఓటరుకూ ఉంది. ఆ ఫొటో ఎంత నిజమో తేలాలంటే మాత్రం ఆ భూమి పద్దు తిరగెయ్యాలి. మంద చచ్చినా, పంట పోయినా ఆ దెబ్బ ఎవరి మీద పడింది? అధ్యక్షుల పొలాలను పోల్చి చూడటానికి ఇంతకంటే పనికొచ్చే ప్రశ్న లేదు. ఆ దెబ్బ స్వయంగా తిన్నవాళ్ళ పాలనలో అది ఎక్కడో ఒకచోట కనిపిస్తుంది.

మొదటి అధ్యక్షుడు జార్జ్ వాషింగ్టన్ దగ్గరే ఈ ప్రశ్న ఇబ్బంది పెడుతుంది. వర్జీనియాలో పోటొమాక్ నది ఒడ్డున ఉన్న ఆయన మౌంట్ వెర్నన్ ఎస్టేటు సుమారు 8,000 ఎకరాలు, 5 కమతాలు. పొగాకు నేలసారాన్ని పీల్చేస్తోందని, లండన్ వ్యాపారుల దగ్గర అప్పు తప్ప ఏమీ మిగలడం లేదని గ్రహించి 1760లలోనే గోధుమకు మారాడు. వ్యవసాయంలో ఆయన శ్రద్ధకు 1790లలో కట్టించిన 16 మూలల నూర్పిడి కొట్టమే సాక్ష్యం. అందులో పై అంతస్తు నేలంతా చెక్క పలకలే. పలకకూ పలకకూ మధ్య ఒకటిన్నర అంగుళం సందు. గోధుమ పనలు పరిచి గుర్రాలను గుండ్రంగా తిప్పితే గింజ సందుల్లోంచి కింది అంతస్తులోకి రాలుతుంది, గడ్డి పైనే ఉండిపోతుంది. కళ్లంలో బంతి కట్టి తొక్కించే పనే ఇది, కాకపోతే వానకు తడవదు, మట్టి కలవదు, దొంగతనం తగ్గుతుంది. కింది అంతస్తుకు 30,820 ఇటుకలు పడతాయని ముందే లెక్క కట్టుకున్న మనిషి ఆయన.

అయినా లెక్క ఒకచోట తప్పింది. అంతకుముందు మరో కమతంలో మంచి ఇటుక కొట్టం కట్టించాడు. కొన్నాళ్ళకు తిరిగొచ్చి చూస్తే, కొట్టం గుమ్మానికి 30 అడుగుల దూరంలోనే గోధుమను బయటికి తెచ్చి ఆరుబయట గుర్రాలతో తొక్కిస్తున్నారని 1793లో ఒక ఉత్తరంలో వాపోయాడు. పై మనిషి బాగుంటే పద్ధతి మారుతుందని ఆయన నమ్మకం. పని చేసేది బానిసలని, మిగిలిన గింజలో వాళ్ళకు వాటా లేదని గుర్తుంచుకుంటే ఆశ్చర్యపోవలసింది ఏమీ ఉండదు. 1799లో ఆ ఎస్టేటులో 317 మంది బానిసలు ఉన్నారు. తెలివి ఆయనది, చెమట వాళ్ళది. తన పేరు మీద ఉన్న 123 మందికి వీలునామాలో విముక్తి రాశాడు. తక్కిన వాళ్ళలో ఎక్కువమంది భార్య మొదటి భర్త ఆస్తి కింద ఉన్నవాళ్ళు కాబట్టి వాళ్ళను విడిపించే హక్కు ఆయనకు లేదు.

సొంత డబ్బు పెట్టి, సొంతంగా దెబ్బతిన్న కథ థియోడర్ రూజ్‌వెల్ట్‌ది. న్యూయార్కు ధనిక కుటుంబంలో పుట్టిన ఆయన 1883లో అడవిదున్నల వేటకని డకోటా ప్రాంతంలోని బ్యాడ్‌లాండ్స్‌కు వచ్చాడు. వెళ్ళేలోపే 14,000 డాలర్ల చెక్కు రాసిచ్చి మాల్టీస్ క్రాస్ అనే ర్యాంచిలో, అంటే పశువులు పెంచే క్షేత్రంలో, పశువులు కొనిపించాడు. 1884 ఫిబ్రవరి 14న ఒకే రోజు, ఒకే ఇంట్లో తల్లి, భార్య చనిపోయారు. ఆ తర్వాత అక్కడే ఎక్కువ కాలం గడపాలని మెడోరా ఊరికి ఉత్తరాన సుమారు 35 మైళ్ళ దూరంలో ఎల్క్‌హార్న్ అనే రెండో ర్యాంచి పెట్టాడు. మెయిన్ రాష్ట్రం నుంచి రప్పించిన బిల్ స్యూవల్, విల్మట్ డౌ అక్కడి కాటన్‌వుడ్ దుంగలతో 60 అడుగుల పొడవు, 30 అడుగుల వెడల్పున ఇల్లు కట్టారు. మొత్తం పెట్టుబడి 80,000 డాలర్లు దాటింది.

ఆ డబ్బులో నేల కొనడానికి ఒక్క డాలరు కూడా వెళ్ళలేదు. బ్యాడ్‌లాండ్స్‌లో రూజ్‌వెల్ట్ పేరున సెంటు భూమి లేదు. నేల ప్రభుత్వానిది, కొంత నార్తర్న్ పసిఫిక్ రైల్వేది. ఎవరి మంద ఎక్కడ మేస్తే అదే వాళ్ళ మేత బీడు. కంచెలు లేవు, కౌలు లేదు. దూడలకు వసంతంలో వాతలు వేసి ముద్ర పెట్టడం, బలిసిన ఎద్దులను రైలెక్కించి షికాగో పంపడం, అంతే వ్యాపారం. చలికాలానికి గడ్డి కోసి వామి వెయ్యాలన్న ఆలోచన చాలామందికి లేదు. ఎండిన గడ్డి బీడు మీదే ఉంటుంది, పశువు దాన్నే మేస్తుందని లెక్క.

ఈ లెక్కలో లొసుగు సులువుగానే కనిపిస్తుంది. ఉచిత మేతలో ఒక రైతు మంద తగ్గించుకుంటే మిగిలిన గడ్డి పక్కవాడి పశువులే తింటాయి. కాబట్టి ఎవరూ తగ్గించుకోరు. టెక్సాస్ నుంచి మందలు వచ్చి పడుతూనే ఉన్నాయి. ఇది ఆవుల దేశం కాదని స్యూవల్ మొదట్లోనే చెప్పాడు. రూజ్‌వెల్ట్ వినలేదు. 1886 వేసవిలో వానలు లేక గడ్డి పొట్టిగానే ఎండిపోయింది, కార్చిచ్చు కొంత తినేసింది. పశువులు ఒంట్లో కొవ్వు లేకుండానే చలిలోకి అడుగుపెట్టాయి.

నవంబరులోనే మంచు మొదలైంది. జనవరిలో మంచు తుఫాన్లు. అసలు ప్రమాదం మధ్యలో వచ్చిన కాస్త వేడి. పైపొర కరిగి, మళ్ళీ గడ్డకట్టి గాజుపలకలా బిగుసుకుంది. గుర్రం గిట్టతో మంచు తవ్వి కింది గడ్డి తినగలదు, ఆవుకు ఆ అలవాటు లేదు. మూతితో తోసి చూస్తుంది, పైపొర గట్టిదైతే మూతి చీరుకుపోతుంది. నడిస్తే పెచ్చుల అంచులకు కాళ్ళు కోసుకుపోతాయి. తుఫానులో పశువు గాలికి వీపు పెట్టి అది తోసిన వైపే నడుస్తుంది. వాగుల్లో, లోయల్లో చిక్కుకుని గుట్టలుగా చచ్చాయి. వసంతంలో మంచు కరిగి లిటిల్ మిసోరీ నది పొంగినప్పుడు కళేబరాలు కొట్టుకుపోవడం అక్కడివాళ్ళు చూశారు. ఆ చలికాలమంతా రూజ్‌వెల్ట్ యూరప్‌లో ఉన్నాడు. 1886 డిసెంబరులో లండన్‌లో రెండో పెళ్ళి చేసుకుని, 1887 వసంతంలో వచ్చి చూసుకుంటే మందలో సగానికి పైగా పోయింది. కొత్తగా పెట్టుబడి పెట్టలేదు. మిగిలినవి మెల్లగా అమ్ముకుంటూ 1898 నాటికి పూర్తిగా బయటపడ్డాడు.

ఆ కాలం నుంచి వేట కథలే జనానికి బాగా గుర్తున్నాయి. ప్రభుత్వ విధానంగా మారింది మాత్రం మేత లెక్క. ర్యాంచి నడిపే రోజుల్లోనే ఆయన అక్కడి పశుపోషకుల సంఘం పెట్టించి దానికి అధ్యక్షుడిగా ఉన్నాడు. హద్దు లేని బీడుకు నియమం కావాలన్న సంగతి అక్కడే తలకెక్కింది. దేశాధ్యక్షుడయ్యాక 1905లో అడవుల నిర్వహణను కొత్త అటవీ సర్వీసు కిందికి తెచ్చాడు. 1906 నుంచి జాతీయ అడవుల్లో పశువులు మేపాలంటే అనుమతి, తలకింత చొప్పున పుల్లరి తప్పనిసరి చేశారు. పశ్చిమ రాష్ట్రాల పెద్ద రైతులు మండిపడ్డారు. కొలరాడోకు చెందిన ఫ్రెడ్ లైట్ అనే రైతు అనుమతి లేకుండానే మేపితే ప్రభుత్వం కోర్టుకెక్కింది. 1911లో సుప్రీంకోర్టు ప్రభుత్వం పక్షానే తీర్పు ఇచ్చింది.

పుల్లరి అనగానే తెలుగువాళ్ళకు పల్నాడు, కన్నెగంటి హనుమంతు గుర్తుకొస్తారు. ఆ పోరాటాన్ని దీంతో కలిపి చూడకూడదు. పల్నాటిలో ఊరి రైతు నాలుగు గొడ్లను తరతరాలుగా మేపుకుంటున్న అడవి మీద పరాయి ప్రభుత్వం వేసిన పన్ను అది. అమెరికాలో అమ్మకం కోసం పెంచే వేల పశువులను జాతి భూమి మీద ఉచితంగా మేపే వ్యాపారానికి వేసిన కళ్ళెం ఇది. రూజ్‌వెల్ట్ చేసిన పనిలో మెచ్చుకోవలసింది ఇదే. తనను ముంచిన ఉచిత మేతను తన వర్గం వాళ్ళకే తీసేశాడు.

ఆ పుల్లరి ఇప్పటికీ ఉంది. లెక్క కట్టేది ఒక ఆవు, దాని దూడ నెల రోజులు మేసే మేతను ఒక కొలతగా తీసుకుని. 1986లో రొనాల్డ్ రీగన్ జారీ చేసిన ఉత్తర్వు ప్రకారం అది 1.35 డాలర్ల కంటే తగ్గకూడదు. చాలా ఏళ్ళు సరిగ్గా ఆ కనీస రేటు దగ్గరే ఆగిపోయింది. అదే మేత పశ్చిమ రాష్ట్రాల్లో ప్రైవేటు భూమి మీదైతే 20 డాలర్లు దాటుతుంది. బీడు బాగోగులకు ప్రభుత్వం చేసే ఖర్చు కూడా ఈ పుల్లరితో రాదు.

పశువుల మాట వచ్చింది కాబట్టి మన ఒంగోలు జాతి ప్రస్తావన ఇక్కడే. టెక్సాస్‌లో పియర్స్ ర్యాంచి మేనేజరు ఏబుల్ బోర్డెన్ స్వయంగా భారతదేశం వచ్చి ఎంచుకున్న 30 ఆబోతులు, 3 ఆవులు 1906 ప్రాంతంలో, అంటే రూజ్‌వెల్ట్ అధ్యక్షుడిగా ఉన్న రోజుల్లోనే, అక్కడికి చేరాయి. అమెరికన్ బ్రాహ్మన్ జాతికి ఇలాంటి దిగుమతులే పునాది. గిర్, గుజరాత్, కృష్ణావ్యాలీ జాతులతో పాటు అక్కడ నెల్లూరు పేరుతో పిలిచే మన ఒంగోలు రక్తం కూడా అందులో ఉంది. వదులుగా వేలాడే చర్మం, పొట్టి వెంట్రుక, వేడిని తట్టుకునే ఒళ్ళు, పిడుదులకు లొంగని గుణం వల్ల గల్ఫ్ తీరంలో ఇంగ్లండు జాతులు తట్టుకోలేని చోట ఇవి నిలబడ్డాయి.

టెక్సాస్‌కే చెందిన లిండన్ జాన్సన్ పెంచింది ఇంగ్లండు మూలమున్న హెర్‌ఫోర్డ్ పశువులను, ఎర్ర ఒళ్ళు, తెల్ల మొహం ఉన్నవి. ఆయన పుట్టిన హిల్ కంట్రీ చూడటానికి పచ్చగా ఉండి మోసం చేసే నేల. సున్నపురాయి మీద పలచని మట్టి. మొదట వచ్చినవాళ్ళు మోకాలెత్తు గడ్డిని చూసి మురిసిపోయి పశువులను దింపారు. గడ్డి పోయాక మట్టి కొట్టుకుపోయింది, సీడర్ పొదలు అల్లుకున్నాయి. తండ్రి శామ్ జాన్సన్ మంచి ధరల కాలంలో అప్పు చేసి కుటుంబ భూమి కొన్నాడు. 1920లో పత్తి ధర కుప్పకూలడంతో ఆ భూమి చేజారింది, అప్పు మిగిలింది. ఊళ్ళో పరువు పోవడం పిల్లవాడిగా లిండన్ చూశాడు.

ఆయన పార్లమెంటు సభ్యుడయ్యాక మొదట పట్టుకున్న పనుల్లో కరెంటు ఒకటి. గ్రామీణ విద్యుదీకరణ సంస్థ అప్పు ఇవ్వాలంటే మైలుకు సగటున 3 కనెక్షన్లు ఉండాలని నిబంధన. హిల్ కంట్రీలో ఇళ్ళు అంత దగ్గరగా లేవు. ప్రైవేటు కంపెనీ రాదు, ప్రభుత్వ అప్పు రాదు. జాన్సన్ నేరుగా అధ్యక్షుడు ఫ్రాంక్లిన్ రూజ్‌వెల్ట్‌ను కలిసి మినహాయింపు సాధించాడు. పెడర్నాలెస్ విద్యుత్ సహకార సంఘానికి 1938లో అప్పు మంజూరైంది, 1939లో దీపాలు వెలిగాయి. బావి నుంచి బకెట్లతో నీళ్ళు తోడి, కట్టెల పొయ్యి మీద కాచిన ఇనుప పెట్టెతో ఇస్త్రీ చేసే ఆడవాళ్ళకు దీపం కన్నా ముందు నడుం నొప్పి నుంచి విడుదల దొరికింది. ఆయన చేసిన మిగతా పనుల మీద ఎన్ని వాదనలున్నా, ఈ ఒక్కదాని విలువ తగ్గదు.

1951లో మేనత్త దగ్గర పాత ఇల్లు, కొంత భూమి కొని పెంచుకుంటూ పోగా అది సుమారు 2,700 ఎకరాల ఎల్‌బీజే ర్యాంచి అయింది. 1952 వరదలో నది భార్యాపిల్లలున్న ఇంటి దాకా వచ్చింది. ఆ తర్వాత పెడర్నాలెస్ మీద చిన్న ఆనకట్ట, పచ్చిక బయళ్ళకు నీటి పారుదల, 6,300 అడుగుల రన్‌వే వచ్చాయి. అధ్యక్షుడి ర్యాంచిగా మారాక నష్టం భయం పోయినా, ఆవులు, వాన, పచ్చిక మీద ఆరా మాత్రం పోలేదు. 1972లో జాతీయ పార్కుల సర్వీసుకు రాసిస్తూ అది పనిచేసే ర్యాంచిగానే ఉండాలని కోరాడు. ఆయన మంద సంతతినే, 1960ల నాటి పొట్టి కాళ్ళ, గుండ్రటి ఒళ్ళు గల రకంగానే, పార్కు సిబ్బంది పెంచుతున్నారు.

ఇదే మనిషి 1965 నుంచి 1967 దాకా భారతదేశానికి పి.ఎల్. 480 అనే అమెరికా ఆహార సాయం చట్టం కింద వచ్చే గోధుమను నెలనెలా చేతిలో పట్టుకుని విడిచాడు. వరసగా రెండు కరువులు. 1966లో కోటి టన్నుల దాకా ధాన్యం బయటినుంచి రావలసిన స్థితి. ఆహారం ఇవ్వాలంటే వ్యవసాయానికి పెట్టుబడి పెంచాలని షరతు, పైగా వియత్నాం యుద్ధం మీద ఢిల్లీ విమర్శలకు కోపం. 1965 నవంబరులో రోమ్‌లో మన వ్యవసాయ మంత్రి సి. సుబ్రహ్మణ్యం, అమెరికా మంత్రి ఆర్విల్ ఫ్రీమన్ ఒప్పందానికి వచ్చినా ఓడలు ఆలస్యంగానే కదిలాయి. భారతదేశంలో ఏ జిల్లాలో వాన పడిందో, ఎక్కడ పడలేదో జాన్సన్ నివేదికలు తెప్పించుకుని చదివేవాడు. వాన లేక రైతు ఎలా చితికిపోతాడో ఇంట్లో చూసిన మనిషికి ఆకలి విలువ తెలియక కాదు. తెలిసే దాన్ని పగ్గంగా వాడాడు. రైతుబిడ్డ పాలకుడైతే రైతు పక్షమే వహిస్తాడన్న నమ్మకానికి ఇది గట్టి ఎదురు ఉదాహరణ.

జిమ్మీ కార్టర్ దగ్గరికి వస్తే తెలుగు రైతుకు పరిచయమైన పంట, వేరుశనగ. జార్జియా రాష్ట్రం ప్లెయిన్స్ పక్కన ఆర్చరీలో కార్టర్ పెరిగిన పొలానికి 1938 దాకా కరెంటు లేదు. పీకిన చెట్లను మట్టి దులిపి, నేలలో పాతిన గుంజ చుట్టూ కాయలు లోపలికి ఉండేలా పేర్చి వారాల తరబడి ఆరబెట్టేవాళ్ళు. 1953లో తండ్రి పోవడంతో నౌకాదళం ఉద్యోగం వదిలి వచ్చాడు. మరుసటి ఏడు కరువు. ఆ ఏడాది మిగిలింది 300 డాలర్లు కూడా లేదు. కుటుంబం ప్రభుత్వ ఇంట్లో అద్దెకు ఉంది.

కార్టర్ నిలదొక్కుకున్నది మామూలు కాయతో కాదు, ధ్రువీకరించిన విత్తనంతో. విత్తన వేరుశనగ వేరే పని. పువ్వు పైన పూసినా కాయ మట్టిలో ఊరుతుంది. దానికి కావలసిన కాల్షియం వేరు నుంచి సరిగా అందదు, పువ్వు నుంచి ఊడలు దిగిన మట్టి నుంచే కాయ నేరుగా తీసుకోవాలి. ఇసుక నేలల్లో అది చాలదు, అందుకే పూత మొదట్లో జిప్సం చల్లుతారు. లేకపోతే లొట్ట కాయలు, పప్పు ఉన్నా మొలకెత్తని గింజలు. అనంతపురం రైతు ఊడలు దిగేటప్పుడు జిప్సం వేసేదీ ఇందుకే. తవ్వాక చెట్లను తిరగేసి కాయ పైకి వచ్చేలా వరసల్లో రెండు మూడు రోజులు ఆరనిస్తారు. యంత్రంతో కాయ వేరు చేశాక బండ్లలో కిందినుంచి గాలి ఊది తేమ 10 శాతానికి దించుతారు. తొందరపడి గాలి వేడిని 35 డిగ్రీలు దాటిస్తే పప్పు మీది ఎర్రపొర ఊడిపోతుంది, గింజ రెండు బద్దలవుతుంది. తినడానికైతే ధర తగ్గుతుంది, విత్తనంగా అసలే పనికిరాదు. కోతకు ముందు బెట్ట పడితే అఫ్లటాక్సిన్ అనే విషం పుట్టించే బూజు భయం సరేసరి.

ఈ పంట మీద కార్టర్ కుటుంబం నడిపిన గిడ్డంగి వ్యాపారం అప్పుల గొలుసు. వసంతంలో రైతులకు విత్తనం, ఎరువు అరువు ఇవ్వాలి. కోతల్లో పంట తీసుకుని బాకీ జమ చేసుకోవాలి. ఆ పంట కొనడానికి గిడ్డంగిలోని సరుకే తాకట్టుగా బ్యాంకు అప్పు తేవాలి. గుంటూరు కోల్డ్ స్టోరేజీల్లో మిర్చి బాండ్ల మీద అప్పు తెచ్చినట్టే. చిక్కు కూడా అదే. సరుకు అమ్మేశాక డబ్బు వెంటనే బ్యాంకుకు చేరిందా లేదా అన్నదే. అధ్యక్షుడయ్యాక కార్టర్ వ్యాపారాన్ని ట్రస్టుకు అప్పగించాడు. అయినా నేషనల్ బ్యాంక్ ఆఫ్ జార్జియా ఇచ్చిన అప్పుల మీద అనుమానాలు రావడంతో 1979లో పాల్ కరన్ అనే ప్రత్యేక న్యాయవాది విచారణ జరిపి నేరమేమీ లేదని తేల్చాడు. 1981లో ప్లెయిన్స్‌కు తిరిగొచ్చేసరికి గిడ్డంగి సుమారు 10 లక్షల డాలర్ల అప్పులో ఉంది. దాన్ని అమ్మి బయటపడ్డాడు. పదవిలో ఉండి ఆస్తి పోగొట్టుకోవడం ఏ దేశంలోనైనా అరుదు.

1977 వ్యవసాయ చట్టంతో వేరుశనగకు పౌండ్ల కోటా, రెండు ధరల పద్ధతి తెచ్చింది కార్టర్ హయామే. కోటాలోపు కాయకు ఎక్కువ మద్దతు ధర, పైన పండిస్తే తక్కువ. 2002 దాకా అది నడిచింది. 1980 జనవరిలో మాత్రం సోవియట్ సేనలు అఫ్గానిస్తాన్‌లోకి వెళ్ళినందుకు 1.7 కోట్ల టన్నుల ధాన్యం అమ్మకం ఆపేసి గోధుమ, మొక్కజొన్న రైతుల కోపానికి గురయ్యాడు. సోవియట్లు అర్జెంటీనా దగ్గర కొనుక్కున్నారు. దెబ్బ ఎక్కువగా తిన్నది సొంత రైతులే.

కార్టర్ తర్వాత ర్యాంచి అనే మాట అర్థమే మారింది. రీగన్ 1974లో శాంటా బార్బరా కొండల్లో కొన్న రాంచో డెల్ సియెలో 688 ఎకరాలు. 1,500 చదరపు అడుగుల పాత మట్టి ఇటుకల ఇల్లు. పాత టెలిఫోన్ స్తంభాలతో కంచె వేయడం, కట్టెలు కొట్టడం ఆయన నిజంగా చేసిన పనులే. కానీ ఆ పద్దులో రాబడి లేదు, అవసరమూ లేదు. 1985లో అప్పుల్లో కూరుకున్న మిడ్‌వెస్ట్ రైతుల కోసం వచ్చిన అత్యవసర రుణ బిల్లును వీటో చేసింది కూడా ఆయనే. జార్జ్ డబ్ల్యు. బుష్ 1999లో టెక్సాస్‌లోని క్రాఫర్డ్‌లో సుమారు 1,600 ఎకరాలు కొన్నాడు, ఎన్నికలకు ఏడాది ముందు. కెమెరాల ముందు సీడర్ పొదలు నరికాడు. సీడర్ నరకడం టెక్సాస్‌లో అవసరమైన పనే, పచ్చికకు వెలుతురూ నీరూ దక్కాలంటే. భూమి అమ్మిన కుటుంబం పశువులే ఆ తర్వాతా అక్కడ మేశాయి.

అలాంటి చోట పశువు ఎందుకు ఉంటుందో తెలియాలంటే పన్ను చట్టం చూడాలి. కాలిఫోర్నియాలో 1965 నాటి విలియమ్‌సన్ చట్టం కింద యజమాని కౌంటీతో 10 ఏళ్ళ ఒప్పందం చేసుకుంటే భూమికి మార్కెట్ విలువ మీద కాక సాగు ఆదాయం మీద పన్ను లెక్కిస్తారు. న్యూజెర్సీలో కనీసం 5 ఎకరాలు, ఏడాదికి 1,000 డాలర్ల అమ్మకం చూపిస్తే చాలు. డొనాల్డ్ ట్రంప్ బెడ్‌మిన్‌స్టర్ గోల్ఫ్ స్థలంలో మేకలు మేసింది, గడ్డి కోసింది ఈ లెక్కలోకే. టెక్సాస్‌లో గడిచిన 7 ఏళ్ళలో 5 ఏళ్ళు సాగులోనో మేతలోనో ఉన్న భూమికి రాయితీ వర్తిస్తుంది. సొంత మంద అక్కర్లేదు, కౌలుకిచ్చి మేపించినా సరిపోతుంది. చిన్న రైతు ఊరి శివార్లలో రియల్ ఎస్టేట్ ధరలకు పన్ను కట్టలేక భూమి అమ్ముకోకుండా కాపాడటం ఈ చట్టాల ఉద్దేశం, అది మంచిదే. అదే వాక్యం కింద కోటీశ్వరుడి విడిది కూడా ఇమిడిపోతుంది, తగ్గిన పన్ను బరువు చుట్టుపక్కల ఇళ్ళ యజమానుల మీదికి జరుగుతుంది. భూమిని వేరే వాడకానికి మార్చితే టెక్సాస్‌లో 2019 దాకా వెనకటి 5 ఏళ్ళ రాయితీని వడ్డీతో సహా వసూలు చేసేవాళ్ళు. ఆ ఏడాది చట్టం మార్చి దాన్ని 3 ఏళ్ళకు కుదించారు, 2021లో వడ్డీ కూడా తీసేశారు.